దండోరా మొదలు గోడబొమ్మ వరకు: ప్రభుత్వ ప్రచారముపై వ్యంగ్యము, సూరతు నగర నిదర్శనము

పూర్వము పాలకులు ప్రజలకు ఒక సంగతి తెలుపవలెనన్న గ్రామమున దండోరా వేయించెడివారు. డప్పు మ్రోగును, నలుగురు గుమిగూడుదురు, శిస్తు గడువో, చెరువుగట్టు పనియో, టీకాలు వేయువారి రాకయో చాటబడును, డప్పు మరల మ్రోగి, చాటింపు తరువాతి వీధికి సాగును. ఆ చాటింపులో పాలకుని ముఖము లేదు. జరుగవలసిన పని ఒకటి మాత్రము ఉండెను. అది జరిగినదో లేదో గ్రామస్థులు స్వయముగా చూచుచుండిరి. ఆధునిక ప్రభుత్వములకు దండోరా చాలలేదు. గోడపత్రికలు, రేడియో, వార్తాచిత్రములు, రంగులు పూసిన గోడలు, కూడళ్ళలోని పెద్ద ప్రకటన ఫలకములు, చేతి ఫోనులు ఒకదాని వెంట ఒకటి వచ్చినవి. వానితో పాటు పాలకుని ముఖము కూడ వచ్చినది. ప్రజలకు తెలియజేయుట, పాలకుని పొగడుట అను రెండు పనులు ఒకే ఫలకముపై కలసిపోయినవి. ఈ కలయికయే రాజకీయ వ్యంగ్యమునకు ముడిసరుకు.

ఆ వ్యంగ్యము దేనిపై గురిపెట్టుచున్నది, దేనిని విడిచిపెట్టుచున్నది అను విషయము ఈ వ్యాసమున పరిశీలింపబడుచున్నది. నిదర్శనముగా సూరతు నగరము గైకొనబడినది. దీనికి కారణములు మూడు. 1994లో ప్లేగు పేరుతో ప్రపంచమంతట అపకీర్తి పొందిన ఈ నగరము, 2024 జనవరిలో వెలువడిన స్వచ్ఛ సర్వేక్షణ ఫలితములలో ఇందోరుతో సమానముగా ప్రథమస్థానము పొందినది. ఒకే నగరమున, ముప్పది సంవత్సరములలో, అపకీర్తి, కీర్తి రెండును ఇట్లు కనబడుట అరుదు. రెండవది, గుజరాతీ భాషలోని హాస్యవ్యంగ్య రచనకు ఈ నగరము పుట్టినిండ్లలో ఒకటి. మూడవది, తెలంగాణము నుండి నేతపనికై వలసపోయిన పద్మశాలి కుటుంబములు మొదలైన తెలుగువారు అనేకులు ఇక్కడ స్థిరపడియున్నారు. కావున ఈ కథలో తెలుగువారికిని పాలు కలదు.

1. విధి, అర్థవాదము

మొదట ఒక పదమును గూర్చి చెప్పవలసియున్నది. ఆలంకారికుల పరిభాషలో వ్యంగ్యమనగా వ్యంజనావృత్తిచే స్ఫురించు అర్థము. నేటి తెలుగులో ఆ పదము పాలకులను, సంఘమును ఎత్తిపొడుచు రచనకు పేరైనది. ఈ అర్థపరిణామము నిర్హేతుకము కాదు. ఎత్తిపొడుపు కూడ పైకి ఒకటి చెప్పి లోన వేరొకటి స్ఫురింపజేయును. పైకి స్తుతి, లోన నింద. లేక పైకి నింద, లోన స్తుతి గల వ్యాజస్తుతిని మన లాక్షణికులు అలంకారముగనే పరిగణించిరి. రాజకీయ వ్యంగ్యకారునికి ముఖ్యముగా ఉపకరించునది దానిలోని మొదటి భేదము.

ఉపదేశవాక్యము మూడు విధములని మమ్మటుడు కావ్యప్రకాశమున వివరించెను. వేదము ప్రభువు వలె ఆజ్ఞాపించును. పురాణము మిత్రుని వలె నచ్చజెప్పును. కావ్యము కాంత వలె మనస్సును లోగొని మరలించును. ప్రజాస్వామ్యమున ప్రభుత్వ ప్రకటన స్వభావముచే ప్రభుసమ్మితమే. దాని వెనుక శాసనము, జరిమానా, రక్షకభటుడు ఉన్నారు. కాని ఎన్నికలు ఉన్నవి గనుక అది మిత్రుని వేషము వేసికొనవలసివచ్చును. ఆజ్ఞకును వేషమునకును నడుమనున్న ఎడములోనే నవ్వు పుట్టుచున్నది.

ఈ ఎడమును కొలుచుటకు మీమాంసకుల విభాగము మిక్కిలి ఉపకరించును. వారు వేదవాక్యములలో ఫలానిది చేయవలెనని చెప్పు వాక్యమును విధి అనిరి. ఆ పనిని పొగడియో, దానికి విరుద్ధమైన దానిని నిందించియో మనుష్యుని పురికొల్పు వాక్యమును అర్థవాదము అనిరి. జైమిని సిద్ధాంతము ననుసరించి అర్థవాదమునకు స్వతంత్రమైన ప్రామాణ్యము లేదు. విధితో కలసి ఏకవాక్యమైనప్పుడే దానికి ప్రయోజనము. అర్థవాదము మరల మూడు విధములు. ప్రత్యక్షాది ప్రమాణములతో విరోధించునది గుణవాదము. యూపస్తంభమును సూర్యుడనుట వంటిది. అందఱికిని ముందే తెలిసినదానిని చెప్పునది అనువాదము. చలికి అగ్ని మందు అనుట వంటిది. విరోధమును లేక, ముందు తెలిసియు ఉండక, నమ్ముటయే తప్ప వేరు దారి లేనిది భూతార్థవాదము.

ప్రభుత్వ ప్రచారమునకు ఈ కొలమానమును చేర్చి చూచినచో విషయము తేటపడును. నీటిని మరగించి త్రాగుడు, పిల్లలకు చుక్కలమందు వేయించుడు అనునవి విధులు. వాని వలన కలుగు మేలును పొగడుట ఉచితమైన అర్థవాదము. కాని విధి జారిపోయి అర్థవాదము మాత్రమే మిగిలినప్పుడు, లేక పొగడబడునది పని కాక పనిచేయించువాడైనప్పుడు, ప్రచారము ప్రతిమానిర్మాణముగా మారును. వ్యంగ్యకారుడు గురిపెట్టునది ఈ రెండవదానినే. చుక్కలమందును ఎగతాళి చేసిన వ్యంగ్యము వ్యంగ్యము కాదు, అపకారము.

గురజాడ కన్యాశుల్కమున ఈ భేదము స్పష్టముగా కలదు. 1897లో తొలిరూపమును, 1909లో పునారచిత రూపమును పొందిన ఆ నాటకమున వితంతు వివాహమును గూర్చి గంభీరోపన్యాసములు చేయువాడు గిరీశము. నాటకము నవ్వునది వితంతు వివాహమును కాదు. ఆ ఉపన్యాసమును తన కీర్తికిని, కోరికకును నిచ్చెనగా చేసికొన్నవానిని. ఉపదేశము మంచిది, ఉపదేశకుడు మోసగాడు. ఈ రెంటిని విడదీయగల దృష్టియే రాజకీయ వ్యంగ్యమునకు ప్రాణము.

2. సూరతు వ్యంగ్యపరంపర

గిరీశమునకు పూర్వమే సూరతులో ఇట్టి దృష్టి గల రచయిత ఉండెను. 1833లో ఈ నగరమున జన్మించిన నర్మదాశంకరుడు, అనగా నర్మద్, 1864లో దాండియో అను పత్రికను స్థాపించెను. దాండియో అనగా డప్పు మ్రోగించు కఱ్ఱ. పాలకుల చాటింపు సాధనమునే రచయిత తన చేతికి తీసికొని, సంఘపు దురాచారములను, వానిని కాపాడు పెద్దలను గూర్చి చాటింపు వేసెనన్నమాట. వితంతు వివాహమును సమర్థించిన ఆయన 1869లో తానే ఒక వితంతువును వివాహమాడెను. విధిని ఇతరులకు చెప్పి తాను అర్థవాదముతో సరిపెట్టుకొనిన గిరీశమునకు ఇది సరిగా ఎదురు ఉదాహరణము.

అదే నగరమున 1901లో జన్మించిన జ్యోతీంద్ర దవే గుజరాతీ హాస్యరచనకు పర్యాయపదమైనవాడు. ధన్‌సుఖ్‌లాల్ మెహతాతో కలసి ఆయన రచించిన అమే బధా అను హాస్యనవల 1936లో వెలువడినది. అందలి జీవితము సూరతు జీవితమే. ఈ హాస్యరచయిత చాలకాలము బొంబాయి ప్రభుత్వపు అనువాద కార్యాలయమున ఉద్యోగము చేసెను. పగలు ప్రభుత్వ వాక్యమును తర్జుమా చేయుచు, తక్కిన వేళల మనుష్యుల డాంబికమును వ్రాయుట ఆయన వృత్తిప్రవృత్తులు.

ఇట్లు ప్రభుత్వ కార్యాలయము లోపలి నుండియే వ్యంగ్యము పుట్టుటకు ఇది ఏకైక ఉదాహరణము కాదు. ఉత్తరప్రదేశ ప్రభుత్వ సేవలో అధికారిగానున్న శ్రీలాల్ శుక్ల 1968లో రాగ్ దర్బారీ అను హిందీ నవలను ప్రకటించెను. మరుసటి సంవత్సరము దానికి సాహిత్య అకాడమీ బహుమానము లభించెను. అందలి గ్రామపు గోడలు ప్రభుత్వ ప్రకటనలతో నిండియుండును. భారతదేశము వ్యవసాయప్రధానమైన దేశమని పట్టణము నుండి వచ్చిన ఉపన్యాసకులు వ్యవసాయము చేయువారికే బోధింతురు. మీమాంసకుల మాటలో ఇది శుద్ధమైన అనువాదము. తెలిసినవానికి తెలిసినదానినే చెప్పుట. 1940వ దశకపు యుద్ధకాలమున ఆరంభమైన అధికాహారోత్పత్తి ప్రచారము స్వాతంత్ర్యానంతరము కూడ అదే ధోరణిలో సాగినందున ఆ నవలా రచయితకు సామగ్రి వెదకవలసిన పని లేకపోయినది. రైతుకు కావలసినది నీరు, విత్తనము, అప్పు. అతనికి చేరినది బొమ్మ.

3. 1994: నమ్మకము లేని మాట

వ్యంగ్యము వినోదమే అయినచో ఈ చర్చకు అంతగా ప్రయోజనము లేదు. ప్రభుత్వ వాక్యముపై విశ్వాసము సడలినచో ఏమి జరుగునో 1994 సెప్టెంబరులో సూరతు చూపినది. ఆ వర్షకాలమున తాపీనది పొంగి పల్లపు ప్రాంతములు నీట మునిగినవి. చచ్చిన పశువులు, ఎత్తని చెత్త, నిలిచిన మురుగు మిగిలినవి. సెప్టెంబరు మూడవ వారమున వేద్ రోడ్డు పరిసరములలో ఊపిరితిత్తుల వ్యాధితో మనుష్యులు మరణింపసాగిరి. నీటిలో విషము కలిపిరని మొదట వదంతి పుట్టినది. అది ప్లేగు అని తెలిసిన తరువాత భయము నగరమంతట వ్యాపించినది.

భయపడవలదని, మందులున్నవని, ఊరు విడువవలదని అధికారులు చాటిరి. అది నిజమునకు సరియైన విధియే. టెట్రాసైక్లిన్ మందు వేళకు ఇచ్చినచో ఈ వ్యాధి నయమగును. కాని ప్రజలు చెవితో విన్నది ఒకటి, కంటితో చూచినది వేరొకటి. ప్రైవేటు వైద్యులు అనేకులు ఆసుపత్రుల తలుపులు మూసి వెళ్ళిపోయిరి. దుకాణములలో మందు దొరకలేదు. చెత్తకుప్పలు అట్లే ఉండెను. కొలది దినములలో లక్షల కొలది జనులు రైళ్ళలో, బస్సులలో నగరమును విడిచిరి. వారిలో అధికసంఖ్యాకులు మగ్గముల మీద, వజ్రపు సానల మీద పనిచేయు వలస కార్మికులు. విదేశములు విమానములను నిలిపివేసినవి; సరకులను నిరాకరించినవి. దేశము మొత్తము మీద ఈ వ్యాధితో మరణించినవారు కొంచెమించుమించు యాభై మంది. మృతుల సంఖ్యతో పోల్చిచూచినచో భయము యొక్క పరిమాణము ఎంతో పెద్దది.

ఆ పరిమాణమునకు కారణము వ్యాధి మాత్రమే కాదు. అనేక సంవత్సరములుగా చేయని పనిని చేసినట్లు చెప్పిన నోటి నుండి వెలువడినందున నిజమైన మాట కూడ అబద్ధము వలె వినబడినది. నాన్నా పులి కథలోని నీతి ఇదియే. అచ్చట నష్టపోయినవాడు అబద్ధమాడిన పిల్లవాడు, ఇచ్చట నష్టపోయినవారు వినినవారు.

ఇది ప్లేగు అగునా కాదా అను వివాదము వైద్యులలో కూడ చెలరేగగా, దానిని పరిశీలించుటకు కేంద్రప్రభుత్వము నియమించిన సాంకేతిక సలహాసంఘమునకు అధ్యక్షుడు వులిమిరి రామలింగస్వామి. 1921లో శ్రీకాకుళమున జన్మించిన ఈ వైద్యశాస్త్రవేత్త నాయకత్వమున సంఘము ఆధారములను పరీక్షించి, ప్లేగు క్రిమియే కారణమని తేల్చినది. ప్రచారమునకు, వదంతికి నడుమ పరిశోధన ఒక మూడవ గొంతు. దానికి ఆడంబరము లేదు. కాని కడకు నిలిచినది అదియే.

4. తమపై తామే వేసికొన్న నినాదము

1995లో సూరతు నగరపాలక సంస్థకు కమిషనరుగా వచ్చినవాడు సూర్యదేవర రామచంద్రరావు. ఇంటిపేరే ఆయన తెలుగుదనమును చాటుచున్నది. నగరమును ఆరు మండలములుగా విభజించి, ఒక్కొక్క మండలమునకు అధికారముతో కూడిన కమిషనరును నియమించుట, ఉన్నతాధికారులందఱు ప్రతిదినము ఉదయము వీధులలో తిరిగి పనిని పరిశీలించుట, రాత్రివేళ ఊడ్పించుట, బస్తీలలో బాటలు పరచి మరుగుదొడ్లు కట్టించుట, అపరిశుభ్రముగా నడుపబడు భోజనశాలలకు జరిమానా వేయుట, పలుకుబడి గలవారి అక్రమ కట్టడములను సైతము తొలగించుట, ఆసుపత్రుల నుండి జ్వరముల లెక్కలను నిత్యము తెప్పించుట ఆ కాలపు ముఖ్యకార్యములు. రెండు సంవత్సరములు గడువకముందే సూరతు దేశమున చండీగఢ్ తరువాత పరిశుభ్రమైన నగరముగా పేర్కొనబడెను.

భాషావిద్యార్థి గమనింపదగినది ఆ కార్యక్రమపు నినాదము. ఏసీ నుండి డీసీకి అనునది దాని సారము. ఏసీ అనగా చల్లగాలి యంత్రము గల అధికారి గది. డీసీ అనగా డైలీ చోర్స్, నిత్యకృత్యములు. విద్యుత్ ప్రవాహపు రెండు భేదముల పేర్లను ఆధారముగా చేసికొన్న శ్లేష ఇది. దీనిలోని విశేషము శ్లేష కాదు; ఆజ్ఞ ఎవరికి అన్నది. సామాన్యముగా ప్రచారవాక్యమున ఆజ్ఞార్థకము ప్రజలకు, భూతకాలము ప్రభుత్వమునకు చెందియుండును: మీరు చేయుడు, మేము చేసితిమి. ఈ నినాదమున ఆజ్ఞ అధికారులకే. చల్లని గదిని విడిచి రమ్మని కార్యాలయము తన్ను తానే ఎత్తిపొడుచుకొన్నది. వ్యంగ్యకారుడు చేయవలసిన పనిని ప్రభుత్వమే చేసినందున వ్యంగ్యమునకు పని తగ్గినది.

పొరుగువాని చెత్తను చూపు ప్రకటనకును, తన చీపురును చూపు ప్రకటనకును గల భేదము ఇదియే. ఇంటింటి చెత్తను ఎత్తు బండి వేళకు వచ్చిన తరువాత, వీధిలో చెత్త వేయకుడు అను వాక్యమునకు బలము కలుగును. బండి రాక మునుపు ఆ వాక్యము నిందావాక్యము మాత్రమే. దోషమును పౌరుని మీదికి నెట్టుట మాత్రమే.

5. పనికి వేసిన మార్కులు, మార్కులకై చేసిన పని

2014 అక్టోబరు 2న స్వచ్ఛ భారత్ ఉద్యమము ఆరంభమైనది. గాంధీ కండ్లద్దములు దానికి చిహ్నమైనవి. 2015 నవంబరు నుండి 2017 జూన్ వరకు సేవలపై నూటికి అర్ధరూపాయి చొప్పున స్వచ్ఛ భారత్ సుంకము వసూలైనది. 2016లో 73 నగరములతో ఆరంభమైన స్వచ్ఛ సర్వేక్షణము క్రమముగా దేశమందలి పట్టణములన్నిటికి వ్యాపించినది. మరుగుదొడ్ల నిర్మాణము, ఇంటివద్దనే తడిచెత్త పొడిచెత్త వేరుచేయుట వంటి కార్యములు దీని వలన ముందునకు సాగినవనుటలో సందేహము లేదు. సూరతు 2020, 2021, 2022 సంవత్సరముల సర్వేక్షణములలో రెండవస్థానమును, 2023 సర్వేక్షణమున ఇందోరుతో సమానముగా మొదటిస్థానమును పొందుట నిష్కారణము కాదు. 1995 నాటి యంత్రాంగము దాని వెనుకనున్నది.

కాని పనికి మార్కులు వేయు పద్ధతిలో ఒక చిక్కు ఉన్నది. మార్కులు పనికై ఉండవలసినవి. క్రమముగా పని మార్కులకై జరుగును. సర్వేక్షణమున పౌరుల అభిప్రాయమునకు కూడ మార్కులున్నవి. కావున మీ నగరము శుభ్రముగా ఉన్నదా అను ప్రశ్నకు అవునని చెప్పుడని పౌరులను కోరు ప్రకటనలు అనేక నగరములలో వెలసినవి. ఊడ్చుట ఒక విధి. ఊడ్చినారని చెప్పుట వేరొక విధి. రెండవది మొదటి దానిని మించినచో, పరీక్షకుడు వచ్చు వీధి శుభ్రముగను, రాని వీధి యథాతథముగను ఉండును. గోడపై చెట్టు బొమ్మ, గోడ వెనుక చెట్టు లేకపోవుట అను దృశ్యము నేటి వ్యంగ్యచిత్రకారునికి నిత్యము లభించుచున్నది. అది గుణవాదమునకు ఉదాహరణము, ప్రత్యక్ష విరోధము గనుక.

ఈ దోషము లెక్కలలో కూడ కనబడును. ఆడపిల్లలను కాపాడుడు, చదివింపుడు అను ఉద్దేశముతో 2015 జనవరి 22న పానిపట్టులో ఆరంభమైన బేటీ బచావో బేటీ పఢావో పథకమును పార్లమెంటు స్త్రీ సాధికారతా సంఘము పరిశీలించి 2021 డిసెంబరులో నివేదిక సమర్పించినది. 2016–2019 మధ్యకాలమున రాష్ట్రములకు విడుదలయిన 446.72 కోట్ల రూపాయలలో 78.91 శాతము ప్రచారమునకే వ్యయమైనదని ఆ నివేదిక తెలిపినది. ప్రజల మనోభావమును మార్చుట ఆ పథకపు లక్ష్యములలో ఒకటి గనుక ప్రచార వ్యయము కొంత సహజమే. ఐనను, విద్యకు, ఆరోగ్యమునకు ఎక్కువ వ్యయము చేయవలెనని సంఘము సూచించుటలో పరమార్థమేమన, అర్థవాదము విధిని మింగినదనుటయే.

పాలకుని ముఖము విషయమున న్యాయస్థానము కూడ కలుగజేసికొన్నది. సర్వోన్నత న్యాయస్థానము 2015 మే 13న ఇచ్చిన తీర్పులో, ప్రభుత్వ ప్రకటనలలో రాష్ట్రపతి, ప్రధానమంత్రి, ప్రధాన న్యాయమూర్తి అను మువ్వురి చిత్రములు మాత్రమే ఉండవచ్చుననెను. 2016 మార్చిలో ఆ నియమమును సడలించి గవర్నరులకు, ముఖ్యమంత్రులకు, మంత్రులకు సైతము అవకాశము కల్పించెను. పది నెలలలో ముఖముల పట్టిక ఎంతగా పెరిగెనో వ్యంగ్యకారుడు చెప్పనక్కరలేదు.

6. తెలుగునాట

ఈ వ్యాధి ఒక్క రాష్ట్రమునకో, ఒక్క పక్షమునకో చెందినది కాదు. ఆంధ్రప్రదేశమున పంచాయతీ కార్యాలయములకు అధికారపక్షపు జెండా రంగులు పూయబడగా, 2020 మార్చిలో ఉన్నత న్యాయస్థానము వానిని తొలగింపుమని ఆదేశించినది. తరువాత వెలువడిన ప్రభుత్వపు ఉత్తరువులో ఆ రంగులకే మట్టిరంగు చేర్చబడి, ఆకుపచ్చ పైరును, నీలము జలసంపదను, తెలుపు పాడిని, మట్టిరంగు నేలను సూచించునని వ్యాఖ్యానము చేయబడినది. న్యాయస్థానములు దీనిని కూడ అంగీకరింపలేదు. ఒక రంగునకు పరమార్థమును కల్పించు ఈ వ్యాఖ్య అర్థవాదమునకు ఆధునిక నిదర్శనము. ఇట్టి సందర్భమున వ్యంగ్యకారుడు చేయవలసినదెల్ల ఆ ఉత్తరువును యథాతథముగా చదివి వినిపించుటయే.

తెలుగున ఇట్టి దృష్టి గల రచనలకు లోటు లేదు. పానుగంటి లక్ష్మీనరసింహారావు సాక్షి వ్యాసములలో జంఘాలశాస్త్రి ఉపన్యాసము వేషమును ఒలిచివేయు సాధనము. ముళ్ళపూడి వెంకటరమణ రాజకీయ బేతాళ పంచవింశతిలో పాత కథాచట్రమును రాజకీయమునకు తొడిగెను. కె.ఎన్.వై. పతంజలి పెంపుడు జంతువులు అను నవలలో పత్రికారంగమును, ఖాకీవనములో రక్షకభటశాఖను చిత్రించెను. ఆయన గోపాత్రుడు అను రచనలో భూమి గుండ్రముగా ఉన్నదా, బల్లపరుపుగా ఉన్నదా అను వాదము ఊరిని రెండుగా చీల్చును. ప్రత్యక్షముగా తేల్చుకొనదగిన సత్యము, పట్టుదలల మీద ఆధారపడిన పక్షముగా మారుట ఎట్లో ఆ కథ నవ్వుచు చూపును. ప్రతిమానిర్మాణపు తుదిమెట్టు ఇదియే.

జానపద కళలలో బుఱ్ఱకథ యొక్క చరిత్ర వేరొక పాఠమును నేర్పుచున్నది. కథకునికి ఇరుప్రక్కల నిలుచు వంతలలో ఒకడు రాజకీయము పలుకువాడు, రెండవవాడు హాస్యగాడు. కథకుడు చెప్పినదానిని అడ్డుకొని, సందేహించి, వెక్కిరించి, శ్రోతల మనస్సులోని ప్రశ్నను పైకి తెచ్చుట వారి పని. ఈ కళను ప్రజోద్యమములు వాడుకొన్నప్పుడు పాలకులు నిషేధించిరి. తరువాత కాలమున కేంద్రప్రభుత్వపు గేయనాటక విభాగము ఇట్టి జానపద కళలను ప్రచారమునకు వినియోగించినది. ప్రభుత్వము కోరిన కథలో వంత యొక్క సందేహము ముందే వ్రాసి పెట్టిన సందేహము. సమాధానము కూడ ముందే సిద్ధము. హాస్యగాడు మిగిలెను, హాస్యము పోయినది. ప్రభుత్వ ప్రచారమునకును వ్యంగ్యమునకును గల సంబంధమును ఇంతకంటె సంగ్రహముగా చెప్పుట కష్టము: ప్రచారమునకు వంత కావలెను, వంత ప్రశ్న మాత్రము వలదు.

7. ఎవరికి, ఏ భాషలో

మరల సూరతునకు వచ్చినచో ఇంకొక ప్రశ్న మిగిలియున్నది. ప్రచారము ఎవరిని ఉద్దేశించినది? సూరతు నగరపాలక సంస్థ ప్రాథమిక పాఠశాలలను గుజరాతీ, హిందీ, మరాఠీ, ఉర్దూ, ఒడియా, తెలుగు, ఆంగ్లము అను ఏడు మాధ్యమములలో నడుపుచు వచ్చినది. దేశమున ఏ కొలది నగరములకో ఉన్న గౌరవమిది. నగరమున పనిచేయువారు ఏ భాషలలో మాటాడుదురో నగరపాలకులకు తెలిసియున్నదనుటకు ఇదియే సాక్ష్యము. తెలిసియున్నప్పుడు హెచ్చరిక ఆ భాషలలో వెలువడినదా అన్నది ప్రతి ప్రచారమునకును వేయవలసిన పరీక్ష. పాలకుని చిత్రమును చూచుటకు భాష అక్కరలేదు. మందు ఎప్పుడు, ఎచ్చట, ఎంత తీసికొనవలెనో తెలియుటకు భాష కావలెను. అందుచేత ఫలకము ఏ భాషలో ఉన్నదన్న ప్రశ్న ఆ ఫలకము ఎవరికొఱకు ఉన్నదన్న ప్రశ్నయే.

2020 మార్చి 25న దేశమంతట గృహబంధము విధింపబడినప్పుడు ఇంటనే ఉండుడు అను విధి అన్ని సాధనముల ద్వారా ప్రచారము పొందినది. సూరతులో ఒకే గదిలో అనేకులు వంతులు వేసికొని నిద్రించు మగ్గపు కార్మికులు ఏప్రిల్ నెలలో వీధులలోనికి వచ్చి, తమ జీతములిమ్మని, తమను స్వగ్రామములకు పంపుమని కోరిరి. వ్యాధిని గూర్చి వారికి తెలియకపోలేదు. ఇంటనే ఉండుమను ఆజ్ఞకు ఇల్లు అను పదార్థము లేకపోయినది. 1994లో నమ్మకము లేక జనులు పారిపోయిరి; 2020లో పోవుటకు దారి లేక నిలిచిరి. రెండు సందర్భములలోను లోపించినది తెలివి కాదు, మాట వెనుక ఉండవలసిన వస్తువు.

8. ఫలితాంశములు

పై చర్చ వలన తేలిన అంశములు ఇవి. ప్రభుత్వ ప్రచారముపై వ్యంగ్యము ప్రజాచైతన్యమునకు శత్రువు కాదు, దానికి కాపలాదారు. విధియు, దానిని నిర్వర్తించు సాధనమును ఉన్నచోట వ్యంగ్యము నోరు మూసికొనును. 1995 తరువాతి సూరతు దీనికి నిదర్శనము. అర్థవాదము స్వతంత్రించి, పని స్థానమున ప్రతిమ నిలిచినచోట అది నోరు తెరచును. ప్రచారవాక్యమును పరీక్షించుటకు వ్యంగ్యకారుడు వాడు ప్రశ్నలు మూడే: ఆజ్ఞ ఎవరికి? పొగడ్త దేనికి? భాష ఎవరిది?

ఈ ప్రశ్నలను అడుగనిచ్చుట పాలకునికి అవమానము కాదు. నిత్యము ప్రశ్నింపబడి నిలిచిన మాటకు ఆపద వేళ విలువ ఉండును. ఎన్నడును ప్రశ్నింపబడని మాట ఆపద వేళ చెల్లని నాణెమగును. 1994 సెప్టెంబరులో సూరతు విడిచిపోయినవారు మందును నిరాకరింపలేదు, మందు ఉన్నదని చెప్పిన నోటిని నిరాకరించిరి. ఆ నోటికి మరల విలువ వచ్చినది ఫలకముల వలన కాదు; తెల్లవారక మునుపే ఊడ్చిన వీధుల వలనను, వేళకు వచ్చిన చెత్తబండి వలనను.